గుట్ట మీద క్వారీ వస్తే ఊరు ఏం చేయాలి: పర్మిషన్ కాగితాల నుంచి ఎన్జీటీ (జాతీయ హరిత ట్రిబ్యునల్) దాకా

మా వీధిలో మధ్యాహ్నం పూట పసిపిల్లల్ని గోడ పక్కన పడుకోబెట్టరు. ఒంటిగంటన్నరకి సైరన్ మోగుతుంది. రెండు మూడు నిమిషాలకి కాళ్ల కింద నేల ఒక్కసారి అదిరి, వంటింట్లో స్టీలు గిన్నెలు గలగలమంటాయి. ఆ తర్వాత గుట్ట మీద తెల్లటి దుమ్ము లేచి, గాలి ఎటుంటే అటు పోతుంది.

ఔటర్ రింగ్ రోడ్డు దాటి హైదరాబాద్ చుట్టూ ఎటు వెళ్లినా ఈ కథ వినిపిస్తుంది. లక్డారం, బండరావిర్యాల లాంటి చోట్ల క్రషర్లు వరసగా కనిపిస్తాయి. నగరం కట్టాలంటే కంకర కావాలి. దాదాపు 250 కోట్ల ఏళ్ల నాటి గ్రానైట్ గుట్టలు మన చుట్టూనే ఉన్నాయి. క్వారీలే ఉండకూడదని నేను అనను. నేను కట్టుకున్న ఇంటి స్లాబులోనూ ఆ కంకరే ఉంది. చట్టం పెట్టిన షరతులు కాగితం మీదే ఆగిపోయి, వాటి భారం పక్కింటి గోడ మీద, బోరు నీళ్ల మీద, ముసలివాళ్ల ఊపిరితిత్తుల మీద పడకూడదన్నదే నా మాట.

మొదటి ఏడాదంతా ధర్నాలు చేశాం, రాస్తారోకో చేశాం, కనిపించిన ప్రతి ఆఫీసులో మెమోరాండం ఇచ్చాం. ఒక్క బ్లాస్టింగ్ కూడా ఆగలేదు. ఒకరోజు రెవెన్యూలో పనిచేసి రిటైరైన పెద్దాయన ఒకరు అడిగారు: "క్వారీ వద్దంటున్నారు సరే, ఏ కాగితం మీద మీ అభ్యంతరం?" మా దగ్గర జవాబు లేదు. క్వారీ నడవాలంటే ఒక్క పర్మిషన్ చాలదు, నాలుగైదు కావాలి. ఒక్కోటి ఒక్కో ఆఫీసు ఇస్తుంది, ఒక్కోదాన్ని ప్రశ్నించడానికి వేరే తలుపు, వేరే గడువు. ఎక్కడ తప్పుందో పట్టుకుని, గడువు దాటకముందే ఆ తలుపే తట్టాలి. ఆ తర్వాత మేం నేర్చుకున్నదంతా ఇదే.

ముందు ఒక నోట్‌బుక్ కొనండి

లాయర్ దగ్గరికి వెళ్లేముందే ఈ పని మొదలవ్వాలి. రెండొందల పేజీల నోట్‌బుక్ తీసుకుని ప్రతి బ్లాస్టింగ్‌కీ ఒక వరస రాయండి: తేదీ, సమయం, సైరన్ మోగిందా లేదా, ఎన్నిసార్లు పేలింది, రాయి ఎగిరి పడిందా, ఎవరి ఇంట్లో పడింది. రాత్రి క్రషర్ నడిస్తే ఎన్ని గంటల నుంచి ఎన్ని గంటల దాకా నడిచిందో రాయండి. ఒకే మనిషి రాస్తే అలసిపోతాడు. మా దగ్గర నలుగురం వంతులేసుకున్నాం.

గోడ పగుళ్లకి ఒక పద్ధతి ఉంది. పగులుకి అడ్డంగా సన్నని గాజు పలకను రెండు వైపులా సిమెంటుతో అంటించి, పక్కన తేదీ రాసి ఫొటో తీయండి. పగులు కదిలితే గాజు విరుగుతుంది. విరిగిన రోజు మళ్లీ ఫొటో తీయండి. "మా గోడ పగిలింది" అంటే "పునాది బాగోలేదు" అనేస్తారు. ఫలానా తేదీన అతికించిన గాజు ఫలానా బ్లాస్టింగ్ రోజున విరిగిందని నోట్‌బుక్‌తో సహా చూపిస్తే అంత తేలిగ్గా కొట్టిపారేయలేరు. బోరు నీళ్లు మట్టి రంగు తిరిగితే సీసాలో పట్టి, మీద తేదీ రాసి పెట్టండి.

ఫొటోలు, వీడియోలు ఏ ఫోన్‌తో తీశారో ఆ ఫోన్‌ని, ఒరిజినల్ ఫైళ్లని జాగ్రత్తగా ఉంచండి. వాట్సాప్‌లో చేతులు మారిన కాపీ వేరు, ఒరిజినల్ వేరు. భారతీయ సాక్ష్య అధినియం 63వ సెక్షన్ ప్రకారం కోర్టులో ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి సర్టిఫికెట్ జతచేయాలి. దాని మీద తీసిన మనిషి సంతకంతో పాటు నిపుణుడి సంతకం కూడా ఉండాలి.

గూగుల్ ఎర్త్‌లో పాత సంవత్సరాల ఉపగ్రహ చిత్రాలు ఉచితంగా చూడొచ్చు. గుట్ట ఏ ఏడాది ఎంతవరకు తవ్వారో అందులో తెలిసిపోతుంది. లీజు హద్దు దాటి తవ్వారన్న వాదనకి నాకు తెలిసి ఇంతకన్నా చవకైన ఆధారం లేదు.

ఆ భూమి ఎవరిది, ఆ కాగితాలు ఏవి

సర్వే నంబర్‌తో మొదలుపెట్టండి. గుట్ట ప్రభుత్వ భూమిలో ఉందా, పట్టా భూమిలోనా, అసైన్డ్ భూమిలోనా, అటవీ భూమిలోనా? భూభారతి రికార్డు, పాత పహాణీలు, గ్రామ నక్షా మూడూ పక్కపక్కన పెట్టి చూడండి. అసైన్డ్ భూమి అయితే 1977 నాటి బదలాయింపు నిషేధ చట్టం వస్తుంది. అటవీ భూమి అయితే కేంద్రం అనుమతి లేకుండా పార పెట్టడానికి లేదు. చెరువు శిఖం (నీళ్లు నిలిచే భూమి) పక్కనున్న గుట్ట అయితే ఆ సంగతీ గుర్తు పెట్టుకోండి. తర్వాత పనికొస్తుంది.

ఇక కాగితాలు. మొదటిది క్వారీ లీజు. కంకర, భవన నిర్మాణ రాయి చిన్న తరహా ఖనిజాల కింద వస్తాయి. 1957 గనుల చట్టం 15వ సెక్షన్ వీటి మీద రూల్స్ చేసే అధికారాన్ని రాష్ట్రాలకి ఇచ్చింది. మన దగ్గర 1966 నాటి చిన్న ఖనిజాల రూల్సే తెలంగాణకి అన్వయించుకుని నడుస్తున్నాయి. లీజు గనుల శాఖ ఇస్తుంది. తహసీల్దార్ ఎన్‌ఓసీ (నిరభ్యంతర పత్రం), ఆమోదించిన మైనింగ్ ప్లాన్ ఈ ఫైల్‌లోనే ఉంటాయి.

రెండోది పర్యావరణ అనుమతి, అందరూ ఈసీ అంటారు. 2006 సెప్టెంబర్ 14న కేంద్రం ఇచ్చిన ఈఐఏ (పర్యావరణ ప్రభావ అంచనా) నోటిఫికేషన్ దీనికి మూలం. చిన్న క్వారీలకి ఈసీ అక్కర్లేదని చాలా ఏళ్లు నడిపించారు. 2012 ఫిబ్రవరి 27న దీపక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు ఆ దారి మూసేసింది. 5 హెక్టార్ల లోపు లీజుకైనా, రెన్యువల్‌కైనా ఈసీ ఉండాల్సిందే.

మూడోది కాలుష్య నియంత్రణ మండలి (పీసీబీ) ఇచ్చే అనుమతులు. పెట్టడానికి ఒకటి, నడపడానికి ఇంకొకటి: సీఎఫ్‌ఈ, సీఎఫ్‌ఓ. క్వారీ వేరు, క్రషర్ వేరు. క్రషర్‌కి విడిగా తీసుకున్నారా అని తప్పకుండా అడగండి. నాలుగోది పేలుడు పదార్థాల లైసెన్సు. 2008 ఎక్స్‌ప్లోజివ్స్ రూల్స్ కింద పెసో అనే కేంద్ర పేలుడు పదార్థాల భద్రతా సంస్థ చూస్తుంది, జిల్లా అధికారుల ఎన్‌ఓసీ కావాలి. ఐదోది గనుల భద్రత. డీజీఎంఎస్ అనే కేంద్ర సంస్థ చూస్తుంది, దాని కార్యాలయం హైదరాబాద్‌లోనే ఉంది. ఈ చివరి రెండింటి సంగతి ఊళ్లో చాలామందికి తెలియదు. మాకూ తెలియదు.

కాగితాలు చేతికి రావాలంటే

ఈసీ దరఖాస్తు, మైనింగ్ ప్లాన్, ఈసీ ఉత్తర్వు కేంద్రం వారి పరివేష్ పోర్టల్‌లో వెతికితే చాలావరకు దొరుకుతాయి. జిల్లా, మండలం, ఊరి పేరుతో వెతకండి. ఊరి పేరు ఇంగ్లిష్ స్పెల్లింగ్ నాలుగు రకాలుగా మార్చి చూడండి. మా ఊరి పేరు మూడో స్పెల్లింగ్‌లో దొరికింది.

మిగతావాటికి సమాచార హక్కు చట్టం. నా మొదటి దరఖాస్తులో "ఆ క్వారీకి అన్ని అనుమతులు ఉన్నాయా?" అని రాశాను. నెల రోజులకి ఒకే మాట వచ్చింది: "ఉన్నాయి." ఆర్టీఐలో ప్రశ్న అడగకూడదు, కాగితం అడగాలి. ఇలా రాయండి:

"ఫలానా గ్రామం, ఫలానా సర్వే నంబర్‌లోని క్వారీ లీజు డీడ్, హద్దుల అక్షాంశ రేఖాంశాలతో కూడిన స్కెచ్, ఆమోదించిన మైనింగ్ ప్లాన్, తహసీల్దార్ ఎన్‌ఓసీ, గత మూడేళ్లలో జారీ చేసిన ట్రాన్సిట్ పర్మిట్ల నెలవారీ లెక్క, వసూలైన సీనరేజి (ఖనిజ రుసుము) వివరాలు, తనిఖీ నివేదికలు, ఇచ్చిన నోటీసుల ధ్రువీకరించిన నకళ్లు ఇప్పించగలరు. ఫైల్‌ను స్వయంగా పరిశీలించే అవకాశం కూడా కల్పించగలరు."

ఆ చివరి వాక్యం వదలొద్దు. ఫైల్ చూసే హక్కు చట్టంలోనే ఉంది. నోట్ ఫైల్‌లో కింది ఉద్యోగి రాసిన అభ్యంతరం, పైవాళ్లు దాన్ని పక్కన పెట్టిన తీరు కంటికి కనబడతాయి. జవాబుకి 30 రోజులు. రాకపోతే మరో 30 రోజుల్లో మొదటి అప్పీలు, ఆ తర్వాత 90 రోజుల్లో సమాచార కమిషన్‌కి రెండో అప్పీలు. గనుల శాఖకి ఒకటి, పీసీబీకి ఒకటి, తహసీల్దార్‌కి ఒకటి, డీజీఎంఎస్‌కి ఒకటి, ఇలా విడివిడిగా వేయండి.

ఈసీ ఎలా చదవాలి

మొదట విస్తీర్ణం చూడండి. అసలు ఆట ఇక్కడే ఉంది.

విడిగా ఉన్న లీజు 5 హెక్టార్ల లోపు అయితే, అంటే సుమారు 12 ఎకరాల 14 గుంటల లోపు అయితే, ప్రజాభిప్రాయ సేకరణ లేకుండానే ఈసీ రావచ్చు. అందుకే 4.8, 4.9 హెక్టార్ల లీజులు ఎక్కువగా కనిపిస్తాయి. ఒకే గుట్టని నాలుగు ముక్కలు చేసి నలుగురి పేర్ల మీద తీసుకున్నారనుకోండి. ఒక్కోటి 4.8 హెక్టార్లు, కలిపితే 19.2. దీన్ని ఆపడానికే క్లస్టర్ నిబంధన ఉంది. ఒక లీజు హద్దు నుంచి ఇంకో లీజు హద్దుకి 500 మీటర్ల లోపు దూరముండి, ఖనిజం ఒకటే అయితే అవన్నీ ఒక క్లస్టర్. మొత్తం 5 హెక్టార్లు దాటితే ప్రభావ అంచనా నివేదిక తయారు చేయాలి, ప్రజాభిప్రాయ సేకరణ జరపాలి. 2018 సెప్టెంబర్ 13న సతేంద్ర పాండే కేసులో ఎన్జీటీ దీన్ని గట్టిగా చెప్పింది. ఆ డిసెంబర్‌లో కేంద్ర పర్యావరణ శాఖ కూడా ఆ మేరకు ఆదేశాలిచ్చింది.

కాబట్టి మ్యాప్ మీద 500 మీటర్ల గీత గీయండి. దరఖాస్తుతో పాటు గనుల శాఖ ఇచ్చిన క్లస్టర్ సర్టిఫికెట్ తీసి, పక్క లీజులన్నీ అందులో చూపించారా లేదా సరిచూడండి. ఒక్క లీజు దాచినా మీ చేతిలో బలమైన పాయింట్ ఉన్నట్టే. అవతలివాళ్లు ఒక మాట అంటారు, దానికి సిద్ధంగా ఉండండి: 2013 సెప్టెంబర్ 9 నుంచి ఇచ్చిన లీజులకే క్లస్టర్ లెక్క వర్తిస్తుంది. అందుకే ప్రతి పక్క లీజు మంజూరు తేదీ ముందే ఆర్టీఐలో తెప్పించుకోవాలి.

తర్వాత చుట్టుపక్కల ఏమున్నాయని రాశారో చదవండి. దగ్గరి ఇల్లు ఎంత దూరమన్నారు, చెరువు ఎంత దూరమన్నారు, బడి ఉందన్నారా? మాకు దొరికిన కాగితంలో దగ్గరి నివాసం 1.2 కిలోమీటర్లని రాసుంది. మా కాలనీ చివరి ఇంటి నుంచి క్వారీ అంచుకి 700 మీటర్లు కూడా లేదు. రాసింది పాత నక్షా చూసి. మధ్యలో రెండు వెంచర్లు వచ్చి, ఇళ్లు లేచి, కరెంటు మీటర్లు కూడా బిగించారు. మీ ఇంటి పర్మిషన్ తేదీ, మొదటి కరెంటు బిల్లు, ఇంటి పన్ను రసీదు తీసి పెట్టుకోండి. ఈసీ దరఖాస్తు తేదీకన్నా అవి ముందువైతే, వాస్తవాలు దాచి అనుమతి తీసుకున్నారనే వాదన నిలబడుతుంది. వాళ్లే ముందు నుంచి ఉంటే నిజాయితీగా ఒప్పుకోండి. అప్పుడు మీ పోరాటం అనుమతి రద్దు కోసం కాకుండా షరతుల అమలు కోసం అవుతుంది. అది కూడా గెలవదగ్గ పోరాటమే.

చివరగా షరతులు. బ్లాస్టింగ్ వేళలు, రోజుకి ఎంత రాయి తీయాలి, నీళ్లు చల్లడం, లీజు హద్దు లోపల చుట్టూ 7.5 మీటర్ల భద్రతా పట్టీ, చెట్లు నాటడం, టిప్పర్లకి టార్పాలిన్, తవ్వకం లోతు. ఒక్కో షరతు ఎడమవైపు, మీరు చూసిన వాస్తవం కుడివైపు ఉండేలా పట్టిక తయారు చేయండి. తర్వాత ఏ ఆఫీసుకి వెళ్లినా ఈ ఒక్క పట్టికే పనికొస్తుంది.

ఇంకా అనుమతి రాకపోతే: ప్రజాభిప్రాయ సేకరణ

ఇది మీ చేతికి దొరికే అతి పెద్ద అవకాశం. చాలా ఊళ్లు అరుపులతో దాన్ని పాడుచేసుకుంటాయి.

కాలుష్య నియంత్రణ మండలి కనీసం 30 రోజుల ముందు ఒక జాతీయ పత్రికలో, ఒక స్థానిక భాషా పత్రికలో నోటీసు ఇవ్వాలి. ముసాయిదా నివేదిక కలెక్టరేట్‌లో, జిల్లా పరిషత్‌లో, జిల్లా పరిశ్రమల కేంద్రంలో, స్థానిక సంస్థల దగ్గర అందుబాటులో ఉండాలి. సభ క్వారీ స్థలంలో గానీ బాగా దగ్గర్లో గానీ జరగాలి. కలెక్టర్ గానీ, అదనపు జిల్లా మేజిస్ట్రేట్‌కి తగ్గని అధికారి గానీ అధ్యక్షత వహించాలి. మొత్తం వీడియో తీయాలి. ఇంతమంది రావాలన్న కోరం లేదు. పదిమందే వచ్చినా సభ చెల్లుతుంది. కాబట్టి బహిష్కరించవద్దు. బహిష్కరిస్తే "అభ్యంతరాలు రాలేదు" అని మినిట్స్‌లో పడుతుంది.

మా పక్క ఊళ్లో జరిగిన సభకి నేను వెళ్లాను. షామియానా కింద ముందు వరసల్లో క్వారీవాళ్లు తెచ్చిన మనుషులే కూర్చున్నారు. ఒక అవ్వ చీర కొంగులో చుట్టుకొచ్చిన రాయి తీసి టేబుల్ మీద పెట్టింది. "మా కోడలు పండుకున్న మంచం పక్కన వడ్డది సారూ, ఇది." ఆ రాయిని ముందురోజే కిరాణా కొట్టు కాటాలో తూకం వేయించి, కిలో పావు అని మార్కర్‌తో దాని మీదే రాయించింది, పడిన తేదీతో సహా. అధికారి రాయి చేతిలోకి తీసుకుని తిప్పి చూసి, రాసుకునే ఉద్యోగితో బరువూ తేదీ ఎక్కించమన్నారు. అరగంట సేపు కేకలేసిన యువకుల మాటలు మినిట్స్‌లో ఒక వాక్యమయ్యాయి. అవ్వ రాయి మాత్రం బరువుతో సహా ఎక్కింది.

మాట్లాడేవాళ్లు పాయింట్లు పంచుకోండి: ఒకరు నీళ్లు, ఒకరు బడి, ఒకరు పొలాలు, ఒకరు రోడ్డు. ప్రతి ఒక్కరూ మాట్లాడిందే రాతపూర్వకంగా ఇచ్చి, అందినట్టు సంతకం తీసుకోండి. సభ చివర్లో నమోదు చేసిన అభిప్రాయాల్ని తెలుగులో చదివి వినిపించాలి, మినిట్స్ మీద అదే రోజు సంతకాలు కావాలి. అది అయ్యేదాకా లేవొద్దు. భోజనాలు పెట్టారని జనం లేచిపోయిన సభలు నేను చూశాను.

5 హెక్టార్ల లోపు ఒంటరి లీజుకి సభ ఉండదు. అప్పుడు రాష్ట్ర స్థాయి పర్యావరణ ప్రభావ అంచనా సంస్థకి, దాని నిపుణుల కమిటీకి నేరుగా రాతపూర్వక అభ్యంతరాలు పంపండి. దరఖాస్తు నంబర్ వేసి, రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. గ్రామసభ తీర్మానం జతచేయండి. ఆ తీర్మానం ఒక్కటే క్వారీని ఆపదు, కానీ "ఊళ్లో ఎవరూ వ్యతిరేకించలేదు" అనే మాటకి అది జవాబు.

అనుమతి వచ్చేస్తే: 30 రోజులు

ఈ భాగం రెండుసార్లు చదవండి.

ఈసీని సవాలు చేయాలంటే ఎన్జీటీ చట్టం 16వ సెక్షన్ కింద 30 రోజుల్లో అప్పీలు వేయాలి. తగిన కారణం చూపిస్తే ఇంకో 60 రోజులు. 91వ రోజున ఎంత మంచి కేసైనా తలుపు మూసుకుపోతుంది. ఆలస్యాన్ని అంతకుమించి మన్నించే అధికారం ట్రిబ్యునల్‌కే లేదు.

మేం అక్కడే దెబ్బతిన్నాం. ఈసీ వచ్చిన సంగతి మాకు అయిదో నెలలో తెలిసింది. లాయర్ మొదటి ప్రశ్నే ఉత్తర్వు తేదీ. చెప్పగానే ఆయన పెన్ను మూసి పక్కన పెట్టారు. ఆ రాత్రి ఇంటికొచ్చి మా ఆవిడతో మాట్లాడలేకపోయాను.

ఈసీ వచ్చాక క్వారీ యజమాని రెండు స్థానిక పత్రికల్లో ప్రకటన ఇవ్వాలి, పంచాయతీకి కాపీ పంపాలి, పంచాయతీ దాన్ని 30 రోజులు నోటీసు బోర్డులో పెట్టాలి. ఇవి జరగకపోతే గడువు ఎప్పటి నుంచి మొదలైందన్నది వాదించవచ్చు. ఆ వాదన మీద ఆధారపడటం కన్నా వారానికోసారి పరివేష్ తెరిచి చూడటం మేలు. ఒక కుర్రాడికి ఆ పని అప్పగించండి.

పీసీబీ ఇచ్చిన సీఎఫ్‌ఈ, సీఎఫ్‌ఓ మీద అయితే ముందు నీటి, వాయు చట్టాల కింది అప్పిలేట్ అథారిటీకి వెళ్లాలి. అక్కడా 30 రోజులే. లీజు మంజూరు మీద అయితే 1966 రూల్స్‌లోనే అప్పీలు, రివిజన్ ఉన్నాయి.

గడువు దాటినా, క్వారీ నడుస్తున్నా

అనుమతి రద్దు గడువు పోయిందంటే అంతా పోయినట్టు కాదు. షరతులు ఉల్లంఘించిన ప్రతిసారీ కొత్త హక్కు పుడుతుంది. మేం తిరిగి నిలదొక్కుకుంది ఇక్కడే.

దుమ్ము, శబ్దం, నీళ్లు అయితే పీసీబీకి రాయండి. క్రషర్ నుంచి 40 మీటర్ల దూరంలో, క్రషర్ వల్ల గాలిలో కలిసే ధూళి ఘనపు మీటరుకి 600 మైక్రోగ్రాములు దాటకూడదు. ఇళ్ల దగ్గర పీఎం 10 (సన్నని ధూళి) సగటు 24 గంటలకి 100 మైక్రోగ్రాములు దాటకూడదు. నివాస ప్రాంతంలో శబ్దం పగలు 55, రాత్రి 45 డెసిబెల్స్. "దుమ్ము ఎక్కువగా ఉంది" అని రాయకుండా ఈ అంకెలు రాసి, కొలిచి నివేదిక ఇవ్వమని అడగండి. వాయు చట్టం 31ఏ కింద మూసివేతకి, కరెంటు కోతకి ఆదేశించే అధికారం పీసీబీకి ఉంది.

అదురు, ఎగిరిపడే రాళ్లు అయితే డీజీఎంఎస్. 1997 నాటి 7వ నంబర్ సర్క్యులర్ ప్రకారం, యజమానివి కాని మామూలు ఇళ్ల దగ్గర కంపన వేగం 8 హెర్ట్జ్ లోపు పౌనఃపున్యంలో సెకనుకి 5 మిల్లీమీటర్లు, 8 నుంచి 25 దాకా 10, ఆపైన 15 దాటకూడదు. సీస్మోగ్రాఫ్ పెట్టి మీ ఇంటి గడప దగ్గర కొలవమని అడగండి. కొలిచే రోజున మందు తగ్గించి పేలుస్తారు. అందుకే ఒక్క రోజు కొలత చాలదని లేఖలోనే రాయండి, పాత బ్లాస్టింగ్ రిజిస్టర్ కూడా అడగండి. ఇళ్లకి ఎంత దూరం ఉండాలన్న దాని మీద 2020లో కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి ఎన్జీటీకి చెప్పిన లెక్క: బ్లాస్టింగ్ ఉంటే 200 మీటర్లు, లేకపోతే 100. ఆ ఉత్తర్వు మీద కేరళ హైకోర్టు, సుప్రీంకోర్టు దాకా వివాదం నడిచింది. కాబట్టి దాన్ని ఊతంగా వాడండి, మీ కేసు మొత్తాన్నీ దాని మీదే నిలబెట్టకండి. జిలెటిన్, డిటోనేటర్ల నిల్వ మీద అనుమానముంటే పెసోకి, పోలీసులకి రాయండి.

హద్దు దాటి తవ్వితే, పర్మిట్‌కి మించి తోలితే గనుల శాఖ. గనుల చట్టం కింద కోర్టులో ఫిర్యాదు వేసే అధికారం ప్రభుత్వం నియమించిన అధికారికే ఉంటుంది. అయితే 2014లో సుప్రీంకోర్టు ఒక విషయం తేల్చింది: ప్రభుత్వ భూమి నుంచి ఖనిజం ఎత్తుకుపోతే అది దొంగతనం కూడా, దాని మీద పోలీసులు కేసు పెట్టవచ్చు. ఇది మా అధికార పరిధి కాదని స్టేషన్‌లో అంటే ఈ తీర్పు చూపించండి.

టిప్పర్ల సంగతి తేలిగ్గా తీసుకోవద్దు. 2025 నవంబర్ 3న చేవెళ్ల దగ్గర మీర్జాగూడలో కంకర టిప్పర్ ఆర్టీసీ బస్సుని ఢీకొని 19 మంది ప్రాణాలు పోయాయి. ఓవర్‌లోడ్, టార్పాలిన్ లేకపోవడం, బడి వేళల్లో పరుగులు, ప్రతిదీ నంబర్ ప్లేట్ కనిపించేలా ఫొటో తీసి రవాణా శాఖకి, ట్రాఫిక్ పోలీసులకి పంపండి.

ఇవన్నీ సోమవారం ప్రజావాణిలో కూడా కలెక్టర్‌కి ఇచ్చి నంబర్ తీసుకోండి. ఊరికి తక్షణ ప్రమాదం ఉంటే బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) 152వ సెక్షన్ కింద ఆర్డీఓ ముందు పబ్లిక్ న్యూసెన్స్ పిటిషన్ వేయవచ్చు. పాత సీఆర్‌పీసీ 133 అంటే పాత లాయర్లకి వెంటనే అర్థమవుతుంది.

ఏ కోర్టు

పర్యావరణ చట్టాల ఉల్లంఘన అయితే ఎన్జీటీ దక్షిణ మండల బెంచ్, చెన్నై. 14వ సెక్షన్ కింద వివాదం మొదలైన 6 నెలల్లో, నష్టపరిహారానికి 15వ సెక్షన్ కింద 5 ఏళ్లలో. పరిహారం అడగని దరఖాస్తుకి ఫీజు వెయ్యి రూపాయలు. వీడియో ద్వారా హాజరు కావచ్చు, ప్రతి వాయిదాకీ చెన్నై రైలెక్కక్కర్లేదు. తెలుగు కాగితాలకి ఇంగ్లిష్ అనువాదం జతచేయాలి.

అయితే ఎన్జీటీ చేతిలో ఉన్నవి నీటి, వాయు, అటవీ, పర్యావరణ పరిరక్షణ లాంటి ఏడు చట్టాలే. గనుల చట్టం, వాల్టా (నీరు, భూమి, చెట్ల రక్షణ చట్టం) వాటిలో లేవు. లీజు మంజూరే తప్పు, ఎన్‌ఓసీ తప్పు, అసైన్డ్ భూమిలో ఇచ్చారు అనే గొడవ అయితే తెలంగాణ హైకోర్టులో రిట్ వేయాలి. రెండింటినీ కలిపి ఒకే పిటిషన్‌లో కుక్కితే రెండు చోట్లా ఇబ్బందే. హైకోర్టుకి వెళ్లేముందు అధికారులకి ఫిర్యాదు చేసి, వాళ్లు పట్టించుకోలేదని చూపించే రసీదులు ఉండాలి. నోట్‌బుక్, పట్టిక, పోస్టల్ రసీదులు అప్పుడు మీ కేసుకి ప్రాణమవుతాయి.

డబ్బు లేదని వెనక్కి తగ్గకండి. మహిళలకి, ఎస్సీ, ఎస్టీలకి ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం హక్కు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థకి వెళ్లండి, లేదా 15100కి ఫోన్ చేయండి.

ఊరు చీలిపోకుండా

క్వారీలో ఊరి పిల్లలకి పని ఉంటుంది. టిప్పర్ అప్పు తీరుస్తున్నవాడు మీ వీధిలోనే ఉంటాడు. తరతరాలుగా రాయి కొట్టి బతికిన వడ్డెర కుటుంబాలు ఉంటాయి. వాళ్లని శత్రువుల్ని చేసుకుంటే ఊరు రెండు ముక్కలవుతుంది, లాభం ఇంకొకరికి. రాతి దుమ్ముతో వచ్చే సిలికోసిస్‌కి మందు లేదు, అది ముందు పట్టేది అక్కడ పనిచేసేవాళ్లనే. నీళ్లు చల్లాలి, మాస్కులివ్వాలి, వైద్య పరీక్షలు చేయించాలి అన్న డిమాండ్ మన కాగితాల్లో మొదటి పేజీలో ఉంటే వాళ్లు కూడా మనతో నడుస్తారు. మా దగ్గర ఇద్దరు డ్రైవర్లే రాత్రి తవ్వకం సంగతి మాకు చెప్పారు.

రోడ్డుకి అడ్డంగా కూర్చోవడం, టిప్పర్ అద్దాలు పగలగొట్టడం చేయొద్దు. వెంటనే మీ మీద కేసులు పడతాయి, యజమాని సివిల్ కోర్టులో ఇంజంక్షన్ తెచ్చుకుంటాడు, కథ దుమ్ము నుంచి మీ మీదకి మళ్లుతుంది. చందాలు వసూలు చేస్తే ప్రతి రూపాయి లెక్క గోడ మీద అంటించండి. సెటిల్‌మెంట్ మాట ఎత్తినవాళ్లతో ఒంటరిగా మాట్లాడకండి, కనీసం ముగ్గురు వెళ్లండి, మాట్లాడింది రాసుకోండి.

జాయింట్ కమిటీ వచ్చే రోజు

ఎన్జీటీ తరచుగా ముందు పీసీబీ, కలెక్టర్, గనుల శాఖ అధికారులతో జాయింట్ కమిటీ వేసి నివేదిక అడుగుతుంది. తీర్పు దాదాపు ఆ నివేదిక మీదే నిలుస్తుంది. తనిఖీ తేదీ తెలుసుకుని అక్కడ ఉండండి. ఆ రోజు క్రషర్‌కి నీళ్ల పైపులు కొత్తగా మెరుస్తుంటాయి, రోడ్డు తడిపి ఉంటుంది, మొక్కలు ముందురోజు నాటినవై ఉంటాయి. మొక్క మొదట్లో మట్టి చూడమని అడగండి. పక్కనున్న ఆకుల మీద పేరుకున్న తెల్లటి పొర చూపించండి. గాజు పలకలు అంటించిన ఇళ్లకి తీసుకెళ్లండి. మీరు చూపించినవన్నీ రాసి ఒక కాగితం కమిటీ చేతికిచ్చి, అందినట్టు సంతకం తీసుకోండి.

మా కేసులో బ్లాస్టింగ్ వేళలు కుదించారు, రాత్రి క్రషర్ ఆపించారు, లీజు హద్దుకి స్తంభాలు పాతించారు. క్వారీ ఉంది, నడుస్తోంది. ఈసీ షరతుల ప్రకారం యజమాని ప్రతి జూన్ 1న, డిసెంబర్ 1న అమలు నివేదిక ఇవ్వాలి. ఆ రెండు తేదీలూ మా కాలనీ ఆఫీసు గోడ మీదున్న క్యాలెండర్‌లో ఎర్ర ఇంకుతో చుట్టి ఉంటాయి. వారం తర్వాత నివేదిక తెప్పించుకుని, నోట్‌బుక్ పక్కన పెట్టుకుని, వరస వరసా సరిచూస్తాం. ఇప్పుడు నడుస్తున్నది నాలుగో నోట్‌బుక్.